లిస్టులో లేని పేరు

మా క్లయింట్ వాళ్లది టొరంటో. వాళ్లకు పొద్దున పది గంటలైతే నాకు రాత్రి ఏడున్నర. కోయిలకుంట్లలో మా మిద్దె మీది గదిలో కూర్చుని, కింద అమ్మ జొన్నరొట్టె తట్టే చప్పుడు మైకులో పడకుండా మ్యూట్ నొక్కిపెట్టుకుని మీటింగులో ఉంటా. 2023 మే నెలలో ఒకరోజు వీడియో ఆన్ చేస్తే అందరి మొహాలూ మాడిపోయి ఉన్నాయి. ఏమైందని అడిగినా. "మా జీఎం పోయాడు" అన్నాడు ఒకాయన.

నేను నిజంగానే పోయాడనుకున్నా. వాళ్ల కంపెనీలో పెద్దాయన ఎవరో కాలం చేశారని, "చాలా బాధగా ఉంది, వాళ్ల కుటుంబానికి నా సానుభూతి చెప్పండి" అనేశా. రెండు సెకన్లు ఎవరూ మాట్లాడలేదు. తర్వాత అందరూ ఒకేసారి పగలబడి నవ్వారు. ఆ రోజు నుంచి ఇప్పటిదాకా ఆ టీములో నా పేరు చెప్పగానే గుర్తొచ్చేది ఇదే. నేను రాసిన కోడ్ గురించి ఒక్కడూ మాట్లాడడు.

పోయింది మనిషి కాదు, ఆయన ఉద్యోగం. పేరు కైల్ డూబస్. టొరంటో మేపుల్ లీఫ్స్ అనే ఐస్ హాకీ జట్టుకు జనరల్ మేనేజర్. జీఎం అంటే మనకు బ్యాంకు జీఎం, రైల్వే జీఎం. సంతకాలు పెట్టే మనిషి. కెనడాలో అట్లా కాదట. మన దగ్గర టీ అంగడి ముందర కెప్టెన్‌ను తిట్టినట్టు అక్కడ జీఎంను తిడతారు. 2018లో ఆ కుర్చీ ఎక్కేనాటికి డూబస్‌కు 32 ఏళ్లు. లీఫ్స్ చివరిసారి స్టాన్లీ కప్ గెలిచింది 1967లో. 2023లో ఆ జట్టు 2004 తర్వాత మొదటిసారి ప్లేఆఫ్స్‌లో ఒక రౌండ్ గెలిచింది. రెండో రౌండ్లో ఫ్లోరిడా చేతిలో ఓడింది. కొద్దిరోజులకే డూబస్‌ను పంపించేశారు. రెండు వారాలు తిరక్కముందే పిట్స్‌బర్గ్ జట్టు ఇంకా పెద్ద పదవి ఇచ్చి తీసుకుపోయింది. మన ఐటీ వాళ్లకు ఈ కథ ఎక్కడో విన్నట్టే ఉంటుంది.

ఆ పరువు తక్కువ పని చేసినాక, అసలు ఈ జీఎం ఏం చేస్తాడో తెలుసుకోవాలని పట్టుబట్టి చదివినా. మన భాషలో చెప్పాలంటే, కోచ్ ప్రోగ్రామ్‌ను రన్ చేస్తాడు. అందులో ఏ లైబ్రరీలు ఉండాలో, దేన్ని తీసేయాలో జీఎం ముందే తేల్చేసి ఉంటాడు. ఆటగాణ్ణి కొనేది, అమ్మేది, ఇంకో జట్టుతో మార్చుకునేది, కొత్త పిల్లల్లో ఎవర్ని ఎంచుకోవాలో చెప్పేది ఆయనే. డబ్బులుంటే చాలు అనుకోవడానికీ లేదు. ఆటగాళ్ల జీతాలకు ఒక్కో జట్టు ఇంతకు మించి పెట్టకూడదని లీగే గీత గీస్తుంది. 2022-23లో ఆ గీత 8 కోట్ల 25 లక్షల డాలర్లు. ఒకడికి ఎక్కువిస్తే ఇంకొకణ్ణి వదులుకోవాల్సిందే. ఐపీఎల్ వేలం చూసినోళ్లకు ఇది కొత్త కాదు. 2025 సీజన్‌కు ఒక్కో జట్టు పర్సు 120 కోట్లు. అందులో లక్నో ఒక్క రిషబ్ పంత్‌కే 27 కోట్లు పెట్టింది. మిగతా జట్టంతా 93 కోట్లలో సర్దుకోవాలి. పెళ్లికి బడ్జెట్ వేసే మేనమామ పరిస్థితి.

ఈ పనిలో పండిపోయినోడు మాంట్రియల్ జట్టు శామ్ పొలాక్. ఆయన ఎన్నడూ ఆ పెద్ద లీగులో ఆడలేదు. 1964 నుంచి 1978 దాకా జీఎంగా ఉండి 9 కప్పులు గెలిపించాడు. ఆ లీగులో అప్పట్లో ఒక పద్ధతుండేది. ఆఖరున నిలిచిన జట్టుకు కొత్త కుర్రాళ్లలో మొదటివాణ్ణి ఎంచుకునే హక్కు దక్కేది. 1971లో గై లఫ్లూర్ అనే పిల్లోడు వస్తాడని తెలిసి, పొలాక్ 1970లోనే కాలిఫోర్నియా అనే బలహీనమైన జట్టుతో బేరమాడి వాళ్ల మొదటి ఎంపిక హక్కును రాయించుకున్నాడు. కాలిఫోర్నియా ఆ సీజన్లో ఆఖరున నిలిచింది. లఫ్లూర్ మాంట్రియల్‌కు వచ్చి అక్కడ ఐదు కప్పులు అందుకున్నాడు. పంట చేతికి రాకముందే పక్కోడి చేను కౌలుకు తీసుకున్నట్టన్నమాట.

ఇక్కడిదాకా చదివి, మన వైపు ఇట్లాంటోడు ఎవరైనా ఉన్నారా అని ఆలోచించినా. మా ఊళ్లో ఐస్ అంటే చెరుకురసంలో వేసేదే. (సైరా సినిమా చూసినోళ్లకు మా ఊరి పేరు తెలిసే ఉంటుంది. 1846లో ఉయ్యాలవాడ నరసింహారెడ్డి కొట్టిన ఖజానా మా ఊరిదే. అంతకు మించి మా ఊరికి పేరు తెచ్చే పని మా తరం వాళ్లం ఏదీ చేయలేదు.) ఐస్ హాకీ సంగతి పక్కనపెట్టి, ఆ పనిని చూస్తే మాత్రం ఒక పేరు వెంటనే తట్టింది. ఎమ్మెస్కే ప్రసాద్.

గుంటూరు మనిషి. వికెట్ కీపర్. భారత్ తరఫున 6 టెస్టులు, 17 వన్డేలు. బ్యాటింగ్ లెక్కలు చూస్తే ఏం గొప్పగా ఉండవు, వన్డేల్లో అత్యధికం 63. ఆట అయిపోయాక ఆంధ్ర క్రికెట్ సంఘంలో క్రికెట్ వ్యవహారాలు చూసే డైరెక్టర్ అయ్యాడు. 2015లో జాతీయ సెలెక్టర్. 2016 సెప్టెంబర్ నుంచి 2020 మార్చిలో సునీల్ జోషి వచ్చేదాకా చీఫ్ సెలెక్టర్. తర్వాత 2023లో లక్నో ఐపీఎల్ జట్టు ఆయన్ను వ్యూహ సలహాదారుగా పెట్టుకుంది. ఆటగాడు, తర్వాత పిల్లల్ని వెతికేవాడు, తర్వాత జట్టును కట్టేవాడు. అచ్చం ఒక హాకీ జీఎం రెజ్యూమె.

ఆయన్ను అప్పట్లో బాగా ఎగతాళి చేశారు. ఆ కమిటీలో ఐదుగురున్నారు: ప్రసాద్, సరణ్‌దీప్ సింగ్, దేవాంగ్ గాంధీ, జతిన్ పరాంజపే, గగన్ ఖోడా. ఐదుగురూ కలిపి ఆడిన టెస్టులు 13. వంద టెస్టులు ఆడినోణ్ణి వీళ్లు ఎట్లా తీసేస్తారని టీవీల్లో అడిగారు. నాకైతే ఆ ప్రశ్నే తప్పనిపిస్తుంది. పొలాక్ ఆడిన మ్యాచ్‌లు సున్నా. బాగా వంట చేసినోడే బాగా సరుకులు కొంటాడని రూలేం లేదు. ఆ కమిటీ ఉన్నప్పుడే బుమ్రాకు 2018లో కేప్‌టౌన్‌లో టెస్టు క్యాప్ దొరికింది, మన హనుమ విహారి అదే ఏడు ఓవల్‌లో మొదటి టెస్టు ఆడి 56 కొట్టాడు, 2018-19లో ఆస్ట్రేలియాలో భారత్ మొట్టమొదటిసారి టెస్టు సిరీస్ గెలిచింది. ట్రోఫీతో ఫొటోలో కోహ్లీ ఉన్నాడు. సెలెక్టర్లు ఎక్కడున్నారో ఎవరూ వెతకలేదు.

మాకు దగ్గరి కథ ఇంకొకటుంది. విశాఖపట్నం పిల్లోడు నితీశ్ కుమార్ రెడ్డి. వాళ్ల నాన్న ముత్యాల రెడ్డి కొడుకు ఆట కోసం హిందుస్థాన్ జింక్‌లో ఉద్యోగం వదులుకున్నాడు. చిన్నప్పుడే ఆ పిల్లోణ్ణి ఎమ్మెస్కే చూసి కడప అకాడమీకి పంపే ఏర్పాటు చేశాడని పేపర్లన్నీ రాశాయి. విశాఖ నుంచి కడపకు! సముద్రం ఒడ్డు పిల్లోణ్ణి తెచ్చి మా ఎండలో పడేశారు. 2017-18లో అండర్-16 విజయ్ మర్చంట్ ట్రోఫీలో ఆ పిల్లోడు 1,237 పరుగులు చేశాడు, నాగాలాండ్ మీద ఒక్క ఇన్నింగ్స్‌లో 441. 2024 డిసెంబర్ 28న మెల్‌బోర్న్‌లో ఏం జరిగిందో మీకు గుర్తుండే ఉంటుంది. నితీశ్ 99 మీద ఉండగా బుమ్రా అవుటయ్యాడు. ఆఖరి ఆటగాడిగా మన హైదరాబాద్ సిరాజ్ వచ్చి కమిన్స్ వేసిన మూడు బంతులు ఆపాడు. ఆ తర్వాత నితీశ్ బోలాండ్‌ను ఫోర్ కొట్టి సెంచరీ. గ్యాలరీలో ముత్యాల రెడ్డి ఏడుస్తుంటే మా అమ్మ కూడా ఏడ్చింది, ఆమెకు క్రికెట్‌లో ఓవరుకు ఎన్ని బాల్సో కూడా తెలీదు.

పంటకు ఇన్నేళ్లు పట్టింది చూడండి. విత్తనం వేసినప్పుడు ఎవరూ చూడరు. ఒక పిల్లోడికి సరే అనడం కూడా అంత కష్టమేం కాదనుకుంటా. ఈ ఉద్యోగంలో అసలు కష్టం వద్దు అని చెప్పేటప్పుడు ఉంటుంది. అక్కడే నాకు ఎమ్మెస్కేతో పేచీ.

అంబటి రాయుడు కూడా గుంటూరులో పుట్టినోడే. 2018 అక్టోబర్‌లో కోహ్లీనే చెప్పాడు, నాలుగో నంబరుకు రాయుడు సరిపోతాడని. రాయుడు నవంబర్‌లో ఫస్ట్‌క్లాస్ క్రికెట్ వదిలేసి వన్డేల మీదే మనసు పెట్టాడు. 2019 ఫిబ్రవరిలో వెల్లింగ్టన్‌లో 18 పరుగులకు 4 వికెట్లు పడితే నిలబడి 90 కొట్టాడు. తర్వాత ఆస్ట్రేలియాతో ఇంట్లో మూడు మ్యాచ్‌ల్లో పరుగులు రాలేదు, మిగతా రెండిటికి పక్కనబెట్టారు. ఏప్రిల్ 15న ప్రపంచ కప్ జట్టు చదివితే అందులో రాయుడు లేడు, విజయ్ శంకర్ ఉన్నాడు. శంకర్ అయితే బ్యాటింగ్, బౌలింగ్, ఫీల్డింగ్ మూడు కోణాల్లోనూ పనికొస్తాడని ఎమ్మెస్కే విలేకరుల ముందు చెప్పాడు. మరుసటి రోజు రాయుడు, ప్రపంచ కప్ చూడ్డానికి త్రీడీ కళ్లద్దాలు ఆర్డరిచ్చానని ట్వీట్ పెట్టాడు. ఆ మీమ్స్ ఇప్పటికీ వాట్సాప్‌లో తిరుగుతానే ఉన్నాయి.

శంకర్‌ను తీసుకోవడం తప్పా? నేనట్లా అనను. ఫామ్ పడిపోతున్న 33 ఏళ్ల ఆటగాడు ఒకపక్క, బంతి కూడా వేయగల కుర్రాడు ఇంకోపక్క. ఇంగ్లండ్‌లో ఆట. ఎక్సెల్ షీట్ ముందర పెట్టుకుని కూర్చుంటే మీరూ నేనూ శంకర్ పేరే రాసి ఉండేవాళ్లం. నాకు మింగుడు పడంది దాని తర్వాత జరిగింది. రాయుణ్ణి స్టాండ్‌బైలో ఉంచారు. ధావన్‌కు దెబ్బ తగిలితే పంత్ వెళ్లాడు, సరే, ఆయనా స్టాండ్‌బైనే. జూలై 1న శంకర్ కాలివేలికి దెబ్బ తగిలి ఇంటిదారి పడితే, స్టాండ్‌బైలో ఉన్న రాయుణ్ణి కాకుండా అంతవరకు ఒక్క వన్డే కూడా ఆడని మయాంక్ అగర్వాల్‌ను పిలిచారు. ఓపెనర్ కావాలన్నారు. జూలై 3న రాయుడు ఆటకే దండం పెట్టేశాడు. 55 వన్డేలు, సగటు 47. జూలై 10న మాంచెస్టర్ సెమీస్‌లో రోహిత్ 1, రాహుల్ 1, కోహ్లీ 1. 5 పరుగులకు 3 వికెట్లు. న్యూజిలాండ్ మీద 18 పరుగుల తేడాతో ఓడిపోయాం. రాయుడు ఉంటే గెలిచేవాళ్లమని నేను చెప్పలేను, ఎవరూ చెప్పలేరు. ఆ తర్వాత రాయుడు రిటైర్మెంట్ వెనక్కి తీసుకున్నాడు, ఐపీఎల్‌లో మొత్తం ఆరు టైటిళ్లు చూశాడు. అయినా 2019 అనగానే ఆయన అభిమానులకు గొంతు మారుతుంది.

నేను ఆ రోజుల్లో బెంగళూరులో రూములో కూర్చుని ఎమ్మెస్కేను నోటికొచ్చినట్టు తిట్టినా. ఏడాదిన్నర తిరిగేసరికి అదే పని నేనే చేసినా.

2020 లాక్‌డౌన్‌లో వర్క్ ఫ్రమ్ హోమ్ అని ఊరికొచ్చేసినోళ్లం మా వీధిలోనే పది మందిదాకా ఉన్నాం. సాయంత్రం అయ్యేసరికి కాలేజీ గ్రౌండులో టెన్నిస్ బాల్ క్రికెట్. 2021 సంక్రాంతికి చుట్టుపక్కల టోర్నమెంట్ పెట్టారు. ఆళ్లగడ్డ, బనగానపల్లె, ఔకు జట్లు వస్తున్నాయి. మొదటి బహుమతి 15,000. లాప్‌టాప్ ఉన్నోడు, లెక్కలు రాసేవోడు అని జట్టును ఎంచే పని నాకు అప్పజెప్పారు. నిజంగానే షీట్ తయారు చేసినా. నెల రోజులు ఎవరు ఎన్ని కొట్టారు, ఎన్ని క్యాచ్‌లు వదిలారు, అంతా అందులో ఉంది.

అందులో మా వీధి అన్న ఒకాయన ఉన్నాడు. నాకన్నా ఆరేళ్లు పెద్ద. నాకు బ్యాటు పట్టుకోవడం నేర్పింది ఆయనే. ఆరో తరగతిలో నన్ను సైకిల్ వెనక కూర్చోబెట్టుకుని సంజామల దాకా మ్యాచ్‌లకు తీసుకుపోయేవాడు. పదకొండు మంది తక్కువైతే పన్నెండేళ్ల నన్ను ఫైన్ లెగ్‌లో నిలబెట్టేవాడు, ఎన్ని బంతులు వదిలేసినా ఒక్కమాట అనేవాడు కాదు. ఇప్పుడు ఆయనకు సెల్‌ఫోన్ అంగడి ఉంది, ఇద్దరు పిల్లలు, పొట్ట కొంచెం వచ్చింది. షీట్‌లో ఆయన పేరు పన్నెండో వరుసలో ఉంది. పదకొండో పేరు ఒక ఇంటర్ పిల్లోడు. బ్యాటింగ్ ఇద్దరిదీ ఇంచుమించు సమానం. ఆ పిల్లోడు బౌలింగ్ కూడా వేస్తాడు. బౌండరీ దగ్గర ఉడుతలాగా ఉరుకుతాడు. మూడు కోణాలు!

పిల్లోణ్ణే తీసుకున్నా. అందులో నాకు ఇప్పటికీ అనుమానం లేదు.

చేసిన తప్పు వేరే. ఆయన అంగడి మా ఇంటి నుంచి నడిస్తే మూడు నిమిషాలు. నేను పోలేదు. రాత్రి పదకొండు గంటలకు పదకొండు పేర్లూ టైప్ చేసి వాట్సాప్ గ్రూపులో పెట్టి, కింద "ఆల్ ద బెస్ట్ టీమ్" అని రాసి, ఫోన్ బోర్లా పెట్టి పడుకున్నా. పొద్దున చూస్తే ఆ గ్రూపులో ఒకే ఒక్క సమాధానం. ఆయన గ్రూపు వదిలివెళ్లినట్టు బూడిదరంగు అక్షరాలు.

సెమీస్‌లో ఓడిపోయాం. ఆ పిల్లోడు బాగానే ఆడినాడు, ఓడగొట్టింది నేనే, రనౌట్. అమ్మకు విషయం ఎట్లా తెలిసిందో తెలిసింది. "వాళ్లింట్లో రొట్టె తిని పెరిగినావు. తీసేస్తే తీసేసినావులే, పోయి చెప్పేకి నోరు రాలేదా నీకు?" అనింది. ఎనిమిదో తరగతి దాకా చదివిన మా అమ్మకు తట్టింది నాకు తట్టలేదు.

అంగడి ముందర నుంచి పోవాల్సొచ్చినప్పుడల్లా ఫోన్ చెవి దగ్గర పెట్టుకుని మీటింగులో ఉన్నట్టు నటిస్తూ పోయేవాణ్ణి. ఆయన చూసేవాడు. పలకరించేవాడు కాదు. రెండేళ్లు అట్లా గడిచినాయి. ఒకే వీధిలో రెండేళ్లంటే ఎంతో ఊళ్లో ఉన్నోళ్లకే తెలుసు.

డూబస్ కథ చదివిన వారంలోనే మా ఆఫీసులో రేటింగుల సీజన్ వచ్చింది. అప్పటికి నేను టీమ్ లీడ్. ఐదుగురిలో ఒకరికి తక్కువ రేటింగ్ ఇవ్వాలి, కంపెనీ గీత అట్లా గీసింది, జీతాల గీత లాంటిదే. ఆ అమ్మాయికి సిస్టమ్ నుంచి ఆటోమేటిక్‌గా ఈమెయిల్ పోతుంది, నేను ఏమీ మాట్లాడాల్సిన పనిలేదు. ముందురోజే ఫోన్ చేసి చెప్పినా. నలభై నిమిషాలు. పది నిమిషాలు ఏడ్చింది, పది నిమిషాలు నన్ను కడిగేసింది, మిగతా ఇరవై నిమిషాలు ఏ పని మారిస్తే వచ్చే ఏడు బాగుంటుందో మాట్లాడుకున్నాం. ఫోన్ పెట్టేశాక చొక్కా తడిసిపోయింది. ఏసీ ఆన్‌లోనే ఉంది.

అదే రోజు సాయంత్రం అన్న అంగడికి పోయినా. ఏం చెప్పాలో తెలియక ఒక ఛార్జర్ అడిగినా. ఇచ్చినాడు. డబ్బులు ఇస్తూ, "అన్నా, ఆ పొద్దు నేను వచ్చి చెప్పాల్సింది" అన్నా.

ఆయన చిల్లర లెక్కపెడుతూనే, "ఆ పిల్లోణ్ణి పెట్టింది మంచిపనే. నేనైనా వాణ్ణే పెట్టేవాణ్ణి" అన్నాడు. కాసేపు ఆగి, "నా కొడుకు అడిగినాడురా. నాయనా, నీ పేరు లేదేంది లిస్టులో అని. వాడు నా ఫోన్‌లోనే చూసినాడు. నాకంటే ముందు" అన్నాడు.

నేనేం మాట్లాడలేదు. టీ చెప్పినాడు. ఇద్దరం తాగినాం. సంక్రాంతికి ఈసారి బనగానపల్లె వాళ్లు ఎడమచేతి బౌలర్‌ను ఎక్కడినుంచో తెచ్చుకుంటున్నారని, మా జట్టులో వాణ్ణి ఆడేవోడు లేడని చెప్పుకొచ్చాడు. జట్టును ఎంచేటప్పుడు నాతోపాటు కూర్చుంటావా అని అడిగితే, చూద్దాంలే అన్నాడు. గ్రూపులో మళ్లీ యాడ్ చెయ్యనా అన్నా.

"గ్రూపొద్దు" అన్నాడు. "ఫోన్ చెయ్యి."